రెండు వందల నలభై గళ్లు

మా ఇంటి అప్పు లెక్క ఏ పుస్తకంలోనూ లేదు. పడకగది గోడలో బిగించిన చెక్క అల్మరాకి ఎడమ తలుపు లోపలివైపు ఉంది. అప్పు మంజూరైన వారంలోనే నా భార్య స్కేలు పెట్టి, పెన్సిలుతో అక్కడ గళ్లు గీసింది. వరసకు పన్నెండు చొప్పున ఇరవై వరసలు. నెలకొక గడి. వాయిదా కట్టిన సాయంత్రం తలుపు తెరిచి ఒక గడి నింపేది. రంగు మాత్రం మా అమ్మాయి చెప్పేది. అప్పట్లో దానికి ఏడేళ్లు. పరీక్షలో మార్కులు తగ్గిన నెల నల్లరంగు కావాలని పేచీ పెట్టింది. ఆ నల్ల గడి ఇప్పటికీ నాలుగో వరసలో ఉంది. అమ్మాయి ఇప్పుడు వేరే ఊళ్లో ఉద్యోగం చేస్తోంది.

నా భార్య రెండు వందల పదిహేడో గడి దాకా నింపింది. తర్వాతి పద్నాలుగూ నేను నింపాను. అన్నీ మామూలు రాసుకునే పెన్సిలుతోనే. రంగు పెన్సిళ్ల డబ్బా ఎక్కడుందో తెలుసు, తియ్యాలనిపించలేదు.

ఇంకా తొమ్మిది గళ్లు మిగిలాయి. నాకు ఉద్యోగ విరమణ పది నెలల్లో ఉంది. ఈ రెండు తేదీలనూ దగ్గరకు చేర్చింది నా భార్యే. అప్పు తీసుకునే రోజునే వేళ్ల మీద లెక్కపెట్టి, ఇరవై ఏళ్ల గడువే కావాలని పట్టుబట్టింది. వాయిదా పద్దెనిమిది వేలు. విరమణ తర్వాత నాకొచ్చే పెన్షను జీతంలో సగం కూడా ఉండదు. అందులోంచి పద్దెనిమిది వేలు తీసేస్తే మిగిలేది మందులకూ కరెంటు బిల్లుకూ వస్తుంది, తిండికి రాదు. కాబట్టి ఇంట్లో ఉండాలంటే అప్పు ముందు తీరాలి, జీతం తర్వాత ఆగాలి. అలాగే జరుగుతుందన్న నమ్మకంతో, ఇంటి పత్రాలు వెనక్కి తీసుకోవడానికి ఏమేం కావాలో కనుక్కుందామని ఒక సోమవారం బ్యాంకుకి వెళ్లాను.

తలుపు దగ్గరి గార్డు నా చేతిలో గొడుగు చూసి, తలుపు తెరిచి పట్టుకున్నాడు. ఎవరికైనా అలాగే పట్టుకుంటాడేమో. అయినా మనసులో ఒకచోట రాసుకున్నాను. ఈ పద్నాలుగు నెలల్లో నాకు పట్టుబడిన అలవాటు అదొక్కటే. మిగతా విషయాలు మనసు దాకా రావడం లేదు. ఇలాంటివి మాత్రం వస్తున్నాయి.

అప్పుల కౌంటర్‌లో ముప్పై దాటిన ఒకావిడ ఉంది. ఖాతా నంబరు చెప్పాను. తెర చూసింది.

"ఇంకా అరవై అయిదు వాయిదాలు ఉన్నాయి సార్."

"తొమ్మిదమ్మా."

"అరవై అయిదు సార్. ఇక్కడ అలాగే చూపిస్తోంది."

"మా అల్మరా తలుపు మీద తొమ్మిదే ఉన్నాయి," అన్నాను.

ఎందుకన్నానో తెలియదు. నోటికి అదే వచ్చింది. ఆవిడ నవ్వలేదు. నా మొహంలోకి కాసేపు చూసి, "మీరు తూకాల సార్ కదూ?" అంది.

అవును. నేను తూనికలు కొలతల శాఖలో ఇన్‌స్పెక్టర్ని. ముప్పై మూడేళ్లుగా కొట్టు కొట్టుకీ తిరిగి కాటాలు పరీక్షించి, సరిగ్గా ఉన్నవాటికి ముద్ర వేస్తాను. లేనివాటికి, ఇక వాడకుండా సీలు వేస్తాను.

"మా నాన్నది నూనె కొట్టు సార్. నేను తొమ్మిదో తరగతిలో ఉండగా కిలోకి ఇరవై గ్రాములు తేడా ఉందని మీరు కాటాకి సీలు వేశారు. మూడు రోజులు కొట్టు మూసుకున్నాం. మా నాన్న మిమ్మల్ని తిట్టిన తిట్లు ఇంతా అంతా కాదు."

"తిట్టే ఉంటారు."

"తర్వాత కాటా బాగుచేయించారులెండి. కుర్చీ ఇలా లాక్కోండి, ఎండ తగులుతోంది మీకు."

తెర నా వైపు తిప్పింది. మొదటి నుంచి ఇప్పటి దాకా కట్టిన వాయిదాలన్నీ వరసగా కనిపించాయి. ఆవిడ పెన్ను చివర మొదటి వరస మీద పెట్టింది.

"నూనె డబ్బాతో సహా తూచి, నూనె ధర కట్టమంటే మీరు ఒప్పుకుంటారా?"

"సీలు వేస్తాను."

"ఇక్కడ సీలు వెయ్యడానికి ఎవరూ రారు సార్. ఇదిగో, మొదటి నెల. మీరు కట్టింది పద్దెనిమిది వేలు. అందులో పదిహేను వేలు డబ్బా. అంటే వడ్డీ. మూడు వేలు నూనె. అప్పులోంచి తగ్గింది ఆ మూడు వేలే."

"మూడేళ్లకి?"

"ఆరు లక్షల నలభై ఎనిమిది వేలు కట్టారు. అప్పు తగ్గింది లక్షా ఇరవై మూడు వేలు."

"మరి ఈ నెల?"

"ఏడు వేల ఆరు వందలు డబ్బా. మిగతాది నూనె."

"ఇన్నేళ్ల తర్వాత కూడానా?"

"డబ్బా చిన్నదవుతుంది సార్. అప్పు పోయేదాకా అది మాత్రం పోదు."

తర్వాత అసలు సంగతి చెప్పింది. మా అప్పు వడ్డీ కదలని వడ్డీ కాదు. మూడో ఏడు నిండేసరికి తొమ్మిది శాతం నుంచి పదీ పావు అయింది. వాయిదా పెంచితే జనం కంగారు పడతారని వాయిదా పెంచలేదు, నెలలు పెంచారు. రెండు వందల నలభై కాస్తా రెండు వందల తొంభై ఆరు అయింది. ఒకటీ పావు శాతానికి యాభై ఆరు నెలలు.

"ఉత్తరం రాలేదా సార్?"

"నెలలు పెరిగాయని ఏ ఉత్తరమూ రాలేదమ్మా."

ఆవిడ వాదించలేదు. లెక్క మొత్తం అచ్చు తీసి ఇచ్చింది. ఇంకా తీరాల్సిన అసలు ఎనిమిది లక్షల తొంభై ఐదు వేలు. ఇప్పటిదాకా కట్టింది నలభై ఒక్క లక్షల యాభై ఎనిమిది వేలు. ఇలాగే చివరి దాకా కడితే మొత్తం యాభై మూడు లక్షల పై చిలుకు. మేము తెచ్చుకున్నది ఇరవై లక్షలు.

పక్క కౌంటర్‌లో నోట్లు లెక్కపెట్టే యంత్రం గలగలమంటోంది. ఆవిడ నా ముందుకు మంచినీళ్ల గ్లాసు జరిపింది. తాగాను. నీళ్లు చల్లగా ఉన్నాయి. గొడుగు మర్చిపోయి బయటికి వచ్చేస్తే గార్డు వెనకాలే వచ్చి ఇచ్చాడు.

ఇంటికి వచ్చాక ఇంటి కాగితాల ఫైలు తీశాను. నా భార్య ఆసుపత్రిలో ఎక్స్-రే రికార్డుల గది చూసుకునేది. అక్కడ కవర్లకి ఎప్పుడూ కరువే. ఒక్కో ప్లాస్టిక్ కవరులో రెండేసి ఫిల్ములు, వీపూ వీపూ కలిపి పెట్టేవారు. ఆ అలవాటు ఇంట్లోనూ వచ్చింది. ఏ కాగితం వచ్చినా ఇంకోదానితో వీపు కలిపి ఒకే కవరులోకి తోసేది. ఎటు తిప్పినా ఒక కాగితం ముందువైపే కనిపిస్తుంది. ఏ కాగితం వెనకా కనిపించదు.

పదహారేళ్ల నాటి బ్యాంకు ఉత్తరం దొరికింది. అది నాకు బాగా గుర్తుంది. వడ్డీ పెరిగిందన్న మాట చదివి ఇద్దరం ఊపిరి బిగబట్టాం. దాని కింద లావుపాటి అక్షరాల్లో, 'మీ నెలవారీ వాయిదాలో ఎలాంటి మార్పూ లేదు' అని ఉంది. నా భార్య దాని పక్కన టిక్కు పెట్టింది. ఆ సంతోషంలో ఆ సాయంత్రం ఒక టేబుల్ లైటు కొన్నాం. అది ఇప్పటికీ వెలుగుతోంది.

ఉత్తరాన్ని కవరులోంచి లాగాను. దాని వీపుకి అంటుకుని ఫ్రిజ్ కొన్న రసీదు ఉంది. రెండూ మెల్లగా విడదీశాను. ఉత్తరం వెనక చిన్న పట్టిక. మిగిలిన వాయిదాలు: 260. మా గళ్ల ప్రకారం అప్పటికి 204 ఉండాలి. ఆ అంకె సిరా రసీదు వెనక మసగ్గా, అద్దంలో చూసినట్టు తిరగబడి అంటుకుంది. పదహారేళ్లు ఆ రెండు కాగితాలే ఒకదానికొకటి ఆ సంగతి చెప్పుకున్నాయి.

తప్పు ఆమెది అనలేను. మా శాఖ ఇచ్చే ధ్రువపత్రానికి ముందువైపు ముద్ర ఉంటుంది, వెనకవైపు నియమాలు ఉంటాయి. అలాంటివి వేలకొద్దీ చేతుల్లో పెట్టాను, ఒక్కదాని వెనకా చదవలేదు. ఇక ఏటా బ్యాంకు ఇచ్చే వడ్డీ కాగితాన్ని మడత విప్పకుండా ఆఫీసులో జీతాల గుమస్తాకి ఇచ్చేవాణ్ణి. వడ్డీ ఎంత ఎక్కువ ఉంటే పన్ను అంత తగ్గుతుందని అతను చెబితే, నేనూ నా భార్యా సంతోషించాం కూడా.

ఆదివారం మధ్యాహ్నం నా బావమరిది వచ్చాడు. ఎలక్ట్రీషియన్. చిన్నప్పటినుంచి ఊరికే కోపం తెచ్చుకుంటాడని వాళ్లక్క అతనికి ఫ్యూజు అని పేరు పెట్టింది. హాల్లో స్విచ్చి పాడైందని నేను పిలవలేదు. పోయినసారి వచ్చినప్పుడు తనే చూసుకుని, ఈసారి కొత్తది జేబులో వేసుకుని వచ్చాడు.

"ఏంటి బావా, కాగితాలన్నీ మంచం మీద ఆరేశావు? వానొస్తే తడుస్తాయి, తీసెయ్."

విషయం చెప్పాను. స్క్రూడ్రైవరు చేతిలో అలాగే ఉండిపోయింది.

"అరవై అయిదా! కిలోకి పది గ్రాములు తగ్గితే కొట్టుకి తాళం వేయించే మనిషివి. నీ నెత్తి మీద యాభై ఆరు నెలలు పెడితే బరువు తెలీలేదా?"

"తెలీలేదు."

"మరి అక్కకి?"

"అక్కకీ తెలీలేదు."

దాంతో అతని గొంతు తగ్గింది. "నా లెక్కల హోంవర్కంతా తనే చేసిపెట్టేది బావా. ఒక్కటి తప్పు పోయేది కాదు. అంతా కరెక్టుగా ఉంటోందని మాస్టారికి అనుమానం వచ్చి నన్ను కొట్టాడు."

"ఇందులోనూ లెక్క తప్పలేదు. కాగితం తిరగెయ్యలేదు, అంతే."

స్విచ్చి బిగిస్తూ ఒక్కొక్కటే చెప్పాడు. ముందుగది అద్దెకివ్వమన్నాడు. వచ్చే అద్దె వాయిదాలో మూడో వంతు కూడా రాదన్నాను. "అయితే ఇల్లు అమ్మిపారెయ్. మా మేడ మీద గది ఖాళీగానే ఉంది. మీ చెల్లెలు రోజూ నాతో పోట్లాడే బదులు నీతో కూర్చుని కబుర్లు చెబుతుంది. నాకూ కాస్త చెవులకి విశ్రాంతి."

అతని భార్యని నేను చెల్లెమ్మా అనే పిలుస్తాను. ఆ పిల్ల నిజంగానే గది తుడిచి ఉంచుతుంది. కానీ ఈ గోడలు వదిలి వెళ్లడం గురించి ఆలోచించబోతే, ఆలోచన అల్మరా తలుపు దగ్గర ఆగిపోయింది. ఇల్లు కొనేవాళ్లు ముందు అల్మరా తీయించేస్తారు.

"అక్క డిపాజిట్ ఉంది కదా?" అన్నాడు, నా వైపు చూడకుండా.

ఉంది. ఒంట్లో బాగాలేదని తెలిశాక ఆమె ఉద్యోగం మానేసింది. అప్పుడు ఆసుపత్రివాళ్లు ఇచ్చిన డబ్బు. ఏడు లక్షల పన్నెండు వేలు. మా ఇద్దరి పేర్ల మీదా అదే బ్యాంకులో వేసింది, ముందు తన పేరు పెట్టి.

"దాని జోలికి వెళ్లను."

"ఎందుకు బావా?"

చెప్పేశాను. "మూడు నెలలకోసారి వడ్డీ వేశామని ఉత్తరం వస్తుంది. తన పేరుకే వస్తుంది. బ్యాంకుకి నేనేమీ చెప్పలేదు. తన పేరు కొత్తగా అచ్చయి ఇంటికొచ్చే కాగితం అదొక్కటే."

ఫ్యూజు చాలాసేపు ఒకే స్క్రూ తిప్పాడు. అది ఎప్పుడో బిగుసుకుంది.

"కోప్పడకు. ఆ డిపాజిట్ మీద నీకు ఎంత ఇస్తున్నారు?"

"అయిదున్నర."

"నువ్వు అప్పు మీద కట్టేది?"

"పదీ పావు."

"అయితే అక్క పేరు అచ్చువేసి పంపినందుకు నీ దగ్గర ఫీజు లాగుతున్నారు బావా. ఎంతో లెక్క చూశావా?"

చూడలేదు. అతను వెళ్లాక చూశాను. తేడా నాలుగూ ముప్పావు శాతం. ఏడాదికి ముప్పై మూడు వేల ఎనిమిది వందల ఇరవై. ఏడాదికి ఉత్తరాలు నాలుగు. ఒక్కో ఉత్తరం ఎనిమిది వేల నాలుగు వందల యాభై ఐదు. ఆమె పోయాక ఇప్పటికి నాలుగు ఉత్తరాలు వచ్చాయి. నాలుగూ పరుపు కింద ఉన్నాయి. తీసి చూశాను. ఒక్కోదాని మీదా చిరునామాలో ఆమె పేరు, దాని కింద ఒక వరస అంకెలు. ఇంకేమీ లేవు. పేరు కూడా ఒక అక్షరం తప్పుగానే వేస్తున్నారు. ఆమె బతికుండగా రెండుసార్లు చెప్పింది, దిద్దలేదు.

ఆ తప్పు అక్షరాన్ని చూస్తూ కూర్చున్నాను. ఏడుపు వస్తే బాగుండేది. హాల్లో కొత్త స్విచ్చి మీద చిన్న ఎర్ర దీపం వెలుగుతోంది, చీకట్లో తడుముకోకుండా. నేను అలాంటిది అడగలేదు.

మరుసటి గురువారం సెలవు పెట్టి బ్యాంకుకి వెళ్లాను. డిపాజిట్ రసీదు, ఆమె మరణ ధ్రువపత్రం తీసుకెళ్లాను. ఆ ధ్రువపత్రం నకళ్లు పది తీయించి ఉంచాను. ఇప్పటికి మూడే ఖర్చయ్యాయి.

నూనె కొట్టువారి అమ్మాయి రసీదు చూసి, "మొదటి పేరు మేడమ్‌ది కదా సార్, ఆవిడ సంతకం..." అని ఆగింది. కవరులోంచి ధ్రువపత్రం తీసి పెట్టాను. తేదీ చదివింది. పద్నాలుగు నెలలు ఎందుకు చెప్పలేదని అడగాల్సిన చోటు అది. అడగలేదు. ఇద్దరిలో ఎవరు మిగిలితే వాళ్లు తీసుకోవచ్చని రాసి ఉంది కాబట్టి ఇబ్బంది లేదంది. గడువుకి ముందే తీస్తున్నందుకు ఈ మూడు నెలల వడ్డీ మాత్రం పోతుందంది. సరేనన్నాను.

"ఇప్పుడు ముఖ్యమైన సంగతి సార్. ఏడు లక్షల పన్నెండు వేలు అప్పులో జమ చేస్తే మీ వాయిదా తగ్గించమంటారా, నెలలు తగ్గించమంటారా? మీరు చెప్పకపోతే కంప్యూటర్ వాయిదా తగ్గించేస్తుంది, అరవై అయిదు నెలలు అలాగే ఉంచేస్తుంది. వాయిదా తగ్గిందని అందరూ సంతోషంగా ఇంటికి వెళ్లిపోతారు."

"టేబుల్ లైటు కొనుక్కుని," అన్నాను.

"ఏంటి సార్?"

"ఏం లేదమ్మా. నెలలే తగ్గించాలి."

"అయితే మీ చేత్తో రాసివ్వండి."

రాశాను. వాయిదా యథాతథంగా ఉంచి, నెలలు తగ్గించవలసిందిగా కోరుతున్నాను. సంతకం చేశాను. ఆవిడ యంత్రం మీద లెక్క వేసి కొత్త పట్టిక అచ్చు తీసింది. మిగిలిన అసలు లక్షా ఎనభై మూడు వేలు. పది వాయిదాలు పద్దెనిమిది వేల చొప్పున, పదకొండోది పన్నెండు వేల రెండు వందల చిల్లర.

పది జీతంలోంచి వెళ్తాయి. పదకొండోది మొదటి పెన్షన్‌లోంచి. ఆ ఒక్క నెల కాస్త ఇరుకు. గడుస్తుంది.

"మిగతా నెలలన్నీ కట్టి ఉంటే ఇంకో రెండు లక్షల అరవై అయిదు వేల దాకా అయ్యేది," అంది. "ముందే వచ్చి ఉంటే..." అని మళ్లీ ఆగింది. ఆ అమ్మాయికి సరైన చోట ఆగడం తెలుసు.

పట్టిక మడవబోతుంటే, "వెనక చూడండి సార్," అంది.

తిప్పాను. తెల్లగా ఉంది. "ఏమీ లేదు."

"లేదని చూడాలి కదా."

లేచేముందు అడిగింది, డిపాజిట్ రసీదు నకలు ఒకటి కావాలా అని. అసలుది రద్దు ముద్ర వేసి లోపల పెట్టేసుకుంటారట. కావాలన్నాను. రద్దు ముద్ర వెయ్యకముందే యంత్రం మీద పెట్టి నకలు తీసింది, ముందూ వెనకా.

ఇంటికొచ్చి అల్మరా తలుపు తెరిచాను. ఖాళీ గళ్లు తొమ్మిది. కావలసినవి పదకొండు. ఆఖరి వరస కింద తలుపు అంచుకి వేలెడు చోటుంది. సొరుగులో నా భార్య స్కేలు దొరికింది, ఒక మూల విరిగిపోయి. పక్కనే రంగు పెన్సిళ్ల డబ్బా. స్కేలు పెట్టి ఒక గడి గీశాను. నా గీత ఆమె గీతంత తిన్నగా రాలేదు. దాని పక్కన రెండోది గీశాను. ఆ నెల కట్టాల్సింది పన్నెండు వేలే కాబట్టి మిగతావాటిలో మూడింట రెండు వంతులు ఉండేలా కొలిచి, చిన్నది చేశాను. ఎవరూ అడగరు. నా ఉద్యోగం అలాంటిది.

ఫ్యూజుకి ఫోన్ చేసి మేడ మీది గది అక్కర్లేదని చెప్పాను. "అయితే నా చెవులకి విశ్రాంతి లేనట్టేనా?" అన్నాడు. వెనకనుంచి వాళ్లావిడ ఏదో అరిచింది. ఆదివారం వస్తానన్నాడు. స్నానాలగది బల్బు సంగతి నాకు తెలియదు, అతనికి తెలుసట.

వారం తర్వాత బ్యాంకు నుంచి ఉత్తరం వచ్చింది. ఆమె పేరుకే. అదే తప్పు అక్షరం. మీ డిపాజిట్ ఖాతా మూసివేయబడినది, మాతో ఇన్నాళ్లు ఉన్నందుకు కృతజ్ఞతలు అని ఉంది. ఇక ఆ పేరుకి ఉత్తరాలు రావు. నిలబడే చదివాను. తర్వాత తిప్పి చూశాను. వెనక ఏమీ లేదు.

ఫైలు తెరిచి కొత్త కవరు ఒకటి తీశాను. ఆ ఉత్తరాన్ని అందులో ఒక్కదాన్నే పెట్టాను, దానికి ఇంకో కాగితం కలపకుండా.